ఆట లోకానికి ఒక కైఫీయతు



ప్రతి ఏడాది మన సంచికలో పర్యావరణం మీదనో, కంప్యూటర్ మీదనో, క్రమశిక్షణ మీదనో ఒక వ్యాసం ఉంటుంది. ఈసారి మేము ఒక ఆట గురించి రాస్తున్నాము. సరిగ్గా చెప్పాలంటే ఆట గురించి కూడా కాదు, ఆ ఆట ఆడేవాళ్ళు పక్కన పెట్టుకునే ఒక రకం పుస్తకం గురించి. అందులో కథ ఉండదు, పాఠం ఉండదు. లేని లోకం ఒకటి ఉంటుంది. దాని పటం, ఊళ్ళు, దారులు, సంతలు, దేవుళ్ళు, దయ్యాలు, అక్కడి జనం చెప్పుకునే మాటలు, అన్నీ ఉంటాయి. పరీక్షకు రాదు కదా, ఎందుకు అని పేజీ తిప్పేయకండి. చివర్లో మీతో మాకు పని ఉంది.

విశాఖలో ఇంజనీరింగ్ చదువుతున్న మన పూర్వ విద్యార్థి ఒకరు దసరా సెలవుల తరువాత హాస్టల్‌కి వచ్చి ఒక రాత్రి ఇక్కడే ఉండిపోయారు. ఆ రాత్రి మాకు ఈ ఆట నేర్పారు. దీనికి బోర్డు లేదు, పావులు లేవు. ఐదారుగురు గుండ్రంగా కూర్చుంటారు. అందులో ఒకరు లోకాన్ని నడిపిస్తారు. ఇంగ్లీషులో ఆయన్ని డంజన్ మాస్టర్ అంటారట. మేము సూత్రధారి అని పెట్టుకున్నాము. మిగిలినవాళ్ళు ఒక్కొక్కరు ఒక్కొక్క పాత్ర. సూత్రధారి చెబుతాడు: "తెల్లారగట్ల మీరు బారువ రేవులో దిగారు. దీపస్తంభంలో దీపం ఆరిపోయి ఉంది. ఏం చేస్తారు?" ఒకడు మెట్లెక్కి చూస్తానంటాడు. ఇంకొకడు ముందు ఊళ్ళో అడుగుదామంటాడు. మెట్లు పాకుడు పట్టి ఉంటే ఎక్కగలడా, జారిపడతాడా అన్నది పాచిక తేలుస్తుంది. ఆ పాచికకు ఇరవై ముఖాలు. మన దగ్గర అది లేదు కనుక 1 నుంచి 20 దాకా చీటీలు రాసి స్టీలు గ్లాసులో వేశాము. 20 నంబరు చీటీకి సాంబారు మరక అంటి అందరూ గుర్తుపట్టడం మొదలుపెట్టాక, చింతపిక్కల మీద అంకెలు వేసుకున్నాము.

ఈ ఆటను 1974లో అమెరికాలో గ్యారీ గైగాక్స్, డేవ్ ఆర్నెసన్ అనే ఇద్దరు తయారు చేశారు. పేరు డంజన్స్ అండ్ డ్రాగన్స్. మొదట వేసినవి వెయ్యి పెట్టెలు. అందులో నియమాలు ఉన్నాయి గాని లోకం లేదు. ఎవరి లోకం వాళ్ళు కల్పించుకోవాలి. ఆరేళ్ళకు, 1980లో, గైగాక్స్ తన ఇంట్లో ఆడుకున్న లోకాన్ని గ్రేహాక్ అనే పేరుతో ఒక చిన్న పుస్తకంగా, పెద్ద పటంతో సహా అచ్చు వేశాడు. 1987లో ఎడ్ గ్రీన్‌వుడ్ అనే కెనడా ఆయన తాను చిన్నప్పటి నుంచి ఊహించుకుంటూ వచ్చిన లోకాన్ని ఫర్‌గాటెన్ రెల్మ్స్ పేరుతో ఇచ్చాడు. ఆయన ఉద్యోగం గ్రంథాలయంలో. మాకు బాగా నచ్చిన సంగతి మాత్రం 2002 నాటిది. ఆ ఆటను అమ్మే కంపెనీ కొత్త లోకం కావాలని పోటీ పెట్టింది. మొదటి విడతకు ఒక్క పేజీలో రాసి పంపాలి. దాదాపు 11,000 మంది పంపారు. కీత్ బేకర్ అనే ఆయన లోకం గెలిచి, 2004లో ఎబెర్రాన్ అనే పుస్తకంగా వచ్చింది. ఒక్క పేజీయే కదా, మనమూ రాయవచ్చును అన్న ధైర్యం మాకు అక్కడే వచ్చింది.

అయితే కథల పుస్తకం ఉండగా ఈ గైడు ఎందుకు? ఈ ప్రశ్న మేమూ అడిగాము. దానికి అన్న చెప్పిన జవాబు చందమామతో మొదలయ్యింది. చందమామ ఇప్పుడు రాదు గాని, పాత సంచికలు మన హాస్టల్ బీరువాలో కొన్ని ఉన్నాయి, అన్నలకు గుర్తుండే ఉంటుంది. దాసరి సుబ్రహ్మణ్యం గారు 1954లో తోకచుక్కతో మొదలుపెట్టి మకరదేవత, కంచుకోట, జ్వాలాద్వీపం, రాకాసి లోయ, పాతాళదుర్గం అని వరసగా సీరియల్స్ రాశారు. వాటికి చిత్రా గారి బొమ్మలు. ఆ సీరియల్లో వీరుడు ఎటు వెళ్ళాలో రచయితకు తెలుసు. వీరుడు లోయలోకే వెళతాడు, కాబట్టి లోయ ఒక్కటి రాస్తే చాలు. లోయ పక్కన ఊరేమిటో, ఆ ఊళ్ళో వడ్రంగి ఎవరో రాయనక్కరలేదు. ఆటలో అలా కుదరదు. వీరులు ఐదుగురూ హాస్టల్ కుర్రాళ్ళు. లోయకు వెళ్ళండి అంటే వెళ్ళరు. ముందు భోజనం ఎక్కడ దొరుకుతుంది అని అడుగుతారు. అప్పుడు సూత్రధారి నోరు తెరిచి చూడకుండా ఉండాలంటే, ఎటు వెళ్ళినా ఏముందో చెప్పే పుస్తకం ఒకటి కావాలి. అదే గైడు.

ఇలాంటి పుస్తకం మన తెలుగువాళ్ళకు కొత్తది కాదని మా సోషల్ మాస్టారు చెప్పారు. 1815లో భారతదేశానికి మొదటి సర్వేయర్ జనరల్ అయిన కల్నల్ కాలిన్ మెకంజీ, అంతకు చాలా ముందు నుంచే, కావలి వెంకట బొర్రయ్య, లక్ష్మయ్య సోదరులు మొదలైన మన వాళ్ళ సహాయంతో ఊరూరి సంగతులు రాయించాడు. వాటిని కైఫీయతులు అంటారు. ఊరి పేరు ఎలా వచ్చింది, గుడి ఎవరు కట్టారు, చెరువులెన్ని, ఏ పంట పండుతుంది, ఏ రాజు ఏ భూమి ఎవరికిచ్చాడు, ఇవన్నీ ఉంటాయి. పుట్టలోంచి దేవుడు వెలిసిన కథ, నిజంగా జరిగిన భూముల తగాదా పక్కపక్కనే ఉంటాయి. రాసినవాళ్ళు ఊళ్ళో పెద్దలు ఏది చెబితే అది ఎక్కించుకున్నారు. ఆట గైడు కూడా అచ్చంగా అలాంటిదే, ఊరు మాత్రం లేనిది. అందుకే మా పుస్తకానికి కైఫీయతు అని పేరు పెట్టాము.

లాంగ్ నోటుబుక్కు ఒకటి, పాత క్యాలెండర్ వెనక వేసిన పటం ఒకటి. అదే మా సరంజామా. డ్రాగన్లు, మంచు కొండలు మాకు తెలియవు. పలాస, టెక్కలి, ఉద్దానం తెలుసు. కనుక ఆ నేలనే తీసుకుని పేర్లు మార్చాము. ఉద్యానవనం అన్న మాటే ఉద్దానం అయ్యిందంటారు. కొబ్బరి, జీడి, పనస తోటల వల్ల ఆ పేరు. తూర్పున సముద్రం, పడమట మహేంద్రగిరి, మధ్యలో ఎర్రమట్టి దారులు. ఇంతకన్నా మంచి ఆట లోకం అమెరికా వాళ్ళకు మాత్రం ఎక్కడ దొరుకుతుంది?

పటం వేయడంలో మొదటి పాఠం దూరం. టెక్కలి నుంచి పలాసకు సుమారు 30 కిలోమీటర్లు. మనకు బస్సులో ముప్పావుగంట. ఆ లోకంలో బస్సు లేదు, కాబట్టి ఒక పగలు పూర్తిగా నడక, మధ్యలో ఎండ, ఒక చోట నీళ్ళు. దూరాన్ని కిలోమీటర్లలో కాక నడకలో, దాహంలో రాస్తేనే ఆడేవాళ్ళకు అది అర్థమవుతుంది. పటం చుట్టూ మేము మూగి ఉండగా ఒక స్టడీ అవర్‌లో వార్డెన్ సారు పట్టుకున్నారు. ఇది ఏ సబ్జెక్టు అన్నారు. సోషల్ సార్ అన్నాము. ఆయన కాసేపు చూసి, మహేంద్రతనయ నదిని తప్పు చోట సముద్రంలో కలిపారు, అది బారువ దగ్గర కలుస్తుంది, దిద్దండి అని చెప్పి వెళ్ళిపోయారు.

డబ్బు సంగతి తేలికగా తేలింది. ఆ ఆటలో బంగారు నాణేలు వాడతారు. మా లోకంలో నాణెం జీడిపిక్క. పలాసలో వ్యాపారం 80 కేజీల బస్తా లెక్కన జరుగుతుంది కాబట్టి మా లోకంలో కూడా పెద్ద మొత్తం అంటే బస్తా. ఖజానాను ఎవరైనా తినేస్తే ఎలాగని ఒక తమ్ముడు అడిగాడు. పచ్చి పిక్క కొరికితే పెంకులోని జీడి నూనెకు మూతి పొక్కిపోతుంది. మా అమ్మల చేతులు చూసినవాళ్ళకు ఆ సంగతి చెప్పనక్కరలేదు. బట్టీల దగ్గర పిక్క కొట్టేవాళ్ళ వేళ్ళు ఎందుకు నల్లగా ఉంటాయో ఆ పేజీలోనే రాశాము. ఎవరి వేళ్ళు నల్లగా ఉంటే వాళ్ళ చేతి మీదుగా రాజ్యం డబ్బంతా వెళ్ళింది అన్నమాట. ఆ లోకంలో దొంగను పట్టుకోవడానికి కూడా ఇది పనికొచ్చింది.

జంతువుల పేజీలో ముందుగా ఎలుగుబంటి. ఈ ఆట పుస్తకాల్లో ప్రతి భూతానికి బలం ఎంత, దెబ్బ ఎంత అని అంకెలు ఉంటాయి. అవి రాయడం సులువు. కష్టమైనది, అది ఎందుకు వస్తుంది అన్నది రాయడం. మన జీడితోటల్లోకి ఎలుగు వచ్చేది మనిషి మీద పగతో కాదు. జీడిపండు, పనసపండు వాసనకు వస్తుంది. తెల్లారగట్ల తోటకు వెళ్ళేవాళ్ళకు ఎదురుపడితే భయపడి మీద పడుతుంది. ప్రాణాలు పోయిన ఇళ్ళు మన మండలాల్లో ఉన్నాయి. కనుక మా కైఫీయతులో ఎలుగు దగ్గర అంకెలు రెండే ఉన్నాయి. మిగతాదంతా ఏ నెలలో, ఏ వేళకు, ఏ వాసనకు వస్తుంది, ఎలా చప్పుడు చేసుకుంటూ నడవాలి అన్నదే. మొదటిసారి ఆడినప్పుడు ఐదుగురూ కత్తులు దూశారు. రెండోసారి పనసపండు ఒకటి దూరంగా విసిరి తప్పించుకున్నారు.

పుకార్లు అని ఒక విభాగం ఉంటుంది. గైడులో ఇది చాలా ముఖ్యం. జనం నమ్మేది ఒకటి, నిజం ఒకటి. రెండూ రాయాలి, నిజం మాత్రం సూత్రధారి చూసే పేజీలో ఉండాలి. ఉదాహరణకు టెక్కలి దగ్గర తేలినీలాపురానికి ఏటా గూడబాతులు, ఎర్రకాళ్ళ కొంగలు వచ్చి చింతచెట్ల మీద గూళ్ళు పెడతాయి. అవి సైబీరియా నుంచి వస్తాయని చిన్నప్పటి నుంచి విన్నాము. వెతికి చూస్తే అవి రెండూ మన దక్షిణాసియా పక్షులే. మా కైఫీయతులో జనం మాట: "ఈ పిట్టలు మంచు రాజ్యం నుంచి వస్తాయి, అవి రాని ఏడు ఊరికి మంచిది కాదు." సూత్రధారి పేజీలో: "పిట్టలు ఎక్కడి నుంచో రావు, మన చెరువుల వెంటే తిరుగుతాయి. అవి రాలేదంటే ఏదో చెరువు ఎండిందని అర్థం." రెండు మాటల వల్లా ఊరి జనం పిట్టల్ని కొట్టరు. అది రెండు పేజీల్లోనూ ఉంది.

కాలం లెక్క కూడా కావాలి. ఫలానా రాజు ఏలిన ఎన్నో ఏడు అని ఆ పుస్తకాల్లో రాస్తారు. మన ఇళ్ళలో తిత్లీకి ముందు, తిత్లీ తరువాత అంటారు. 2018 అక్టోబర్ 11 తెల్లవారుజామున వజ్రపుకొత్తూరు, పలాస వైపు తీరం దాటిన తుఫాను అది. కాపు కాసే కొబ్బరి చెట్టు కూలితే కొత్త మొక్క కాయ ఇవ్వడానికి ఆరేడేళ్ళు. కనుక మా లోకంలో శకం పేరు "పెద్దగాలి". ఒకరి వయసు అడిగితే పెద్దగాలికి ఎంత ఉండేవాడివి అని అడుగుతారు.

ఇక్కడి దాకా బాగానే సాగింది. గొడవ రెండు చోట్ల వచ్చింది.

మొదటిది, మనుషుల పేజీ. అన్న తెచ్చిన పుస్తకంలో రకరకాల జాతుల పట్టిక ఉంది. అందులో ఓర్క్ అనే వాళ్ళు పుట్టుకతోనే చెడ్డవాళ్ళు అన్నట్టు రాసి ఉంది. ఎనిమిదో తరగతి తమ్ముడు ఒకడు "ఆళ్ళ పిల్లలు కూడానేటన్నా?" అని అడిగాడు. ఎవరమూ జవాబు చెప్పలేదు. పుట్టుకను బట్టి మనిషిని కొలిచే పట్టిక మన హాస్టల్లో ఎవరికీ కొత్త కాదు. తరువాత తెలిసిందేమంటే, ఈ మాట మీద అక్కడ కూడా చాలా వాదన జరిగిందట. 2020లో ఆ కంపెనీ ఇలాంటి రాతలు మారుస్తామని ప్రకటించింది. 2024లో వచ్చిన కొత్త నియమాల పుస్తకంలో రేస్ అన్న మాట తీసేసి స్పీసీస్ అన్న మాట పెట్టారు. మాట మారితే చాలదని మాలో కొందరి అభిప్రాయం. మేము ఆ పట్టికనే తీసేశాము. పాత్ర తయారు చేసేటప్పుడు మూడే ప్రశ్నలు: ఏ ఊరు, ఏ పని వచ్చు, ఎవరికి బాకీ ఉన్నావు.

మరి ఊరి పటంలో ఊరు వేరుగా, పేట వేరుగా వెయ్యాలా వద్దా? లేని లోకమే కదా, అందులోనైనా అందరూ ఒక్క చోట ఉండాలి అని కొందరు. అలా వేస్తే మన ఇల్లు పటంలో ఎక్కడుందో మనకే తెలియదు అని కొందరు. రెండు ఆదివారాలు వాదించుకున్నాము. చివరకు పేటను వేశాము, బావిని వేశాము, బావి దగ్గర ముందు ఎవరు తోడుకుంటారో రాశాము. అది న్యాయమని గాని, ఎప్పటికీ ఇంతేనని గాని రాయలేదు. ఆటలో మొట్టమొదట మావాళ్ళు చేసిన పని ఆ బావి దగ్గరకు వెళ్ళడమే. సూత్రధారి దీపస్తంభం కథ సిద్ధం చేసుకుని కూర్చుంటే, రెండు గంటలు బావి దగ్గరే గడిచింది.

రెండో గొడవ ఇంకా పెద్దది. దక్షిణపు ఊళ్ళ పేజీలో మేము ఇలా రాశాము: ఒక మాంత్రికుడి శాపం వల్ల ఆ ఊరి నీళ్ళు తాగినవాళ్ళు క్రమంగా నీరసించి చనిపోతారు. చందమామ చదివిన అలవాటులో రాసేశాము. తొమ్మిదో తరగతి తమ్ముడు ఒకడు ఆ పేజీ చదివి నోటుబుక్కు కింద పెట్టేశాడు. వాళ్ళ నాన్నగారు వారానికి మూడు రోజులు డయాలిసిస్‌కి వెళతారు. "శాపవంటే మా నాయన ఏదో పాపం సేసినట్టే గదేటి?" అన్నాడు. అంతే అన్నాడు. ఆ రోజు ఆట ఆడలేదు.

ఉద్దానం కిడ్నీ జబ్బు సంగతి మన పాఠకులకు చెప్పనక్కరలేదు. ఎన్నో పరిశోధనలు జరిగాయి. నీళ్ళు అన్నారు, ఎండలో పని అన్నారు, నొప్పి మాత్రలు అన్నారు. ఇదే కారణం అని ఇంతవరకు ఒక్కటిగా తేలలేదు. 2023 డిసెంబర్ 14న పలాసలో 200 పడకల ఆసుపత్రి, కిడ్నీ పరిశోధన కేంద్రం ప్రారంభమయ్యాయి. హిరమండలం రిజర్వాయరు నుంచి ఉద్దానానికి మంచినీళ్ళు తెచ్చే సుమారు 700 కోట్ల పథకం కూడా అదే రోజు ప్రారంభించారు. కారణం తెలియని జబ్బుకు కథలో కారణం రాసేయడం ఎంత సులువో, అది ఎవరి మీద పడుతుందో మాకు ఆ రోజు తెలిసింది. పేజీ కొట్టేశాము.

వారం తరువాత ఆ తమ్ముడే కొత్త పేజీ రాసి తెచ్చాడు. అందులో శాపం లేదు, మాంత్రికుడు లేడు. "రక్తం కడిగే ఇల్లు" అని ఒక చోటు ఉంది. వారానికి మూడుసార్లు తెల్లవారకముందే అన్ని ఊళ్ళ నుంచి బళ్ళు అక్కడికి వెళతాయి. నాలుగేసి గంటలు పక్కపక్కన పడుకుంటారు కాబట్టి ఏ ఊళ్ళో పెళ్ళి, ఏ తోట అమ్మకానికి వచ్చింది, ఏ కొండ వైపు ఎలుగు తిరుగుతోంది, అన్నీ అక్కడ తెలుస్తాయి. ఇంగ్లీషు గైడుల్లో వీరులు వార్తల కోసం సారాయి దుకాణానికి వెళతారు. మా లోకంలో రక్తం కడిగే ఇంటికి వెళ్ళాలి. వెళ్ళేవాళ్ళు ఎవరినైనా బండి దాకా చెయ్యి పట్టి నడిపించాలి, అప్పుడే వార్త చెబుతారు. ఆ నియమం కూడా వాడు రాసిందే.

ఆ ఇంటికి దగ్గరలో గుడి ఒకటి పెట్టాము. టెక్కలి దగ్గర రావివలసలో ఎండల మల్లికార్జున స్వామికి పైన కప్పు లేదు. ఎండలోనే ఉంటాడు. లంకలో వైద్యం చేసిన సుషేణుడు ఇక్కడ తపస్సు చేశాడని స్థలపురాణం. మా లోకంలో కూడా కప్పు లేని గుడి, దాని పక్కన పాత వైద్యుడి ఆనవాళ్ళు ఉన్నాయి. అక్కడ మందు దొరుకుతుందా అని ఆడేవాళ్ళు అడుగుతూనే ఉన్నారు. సూత్రధారి పేజీలో కూడా జబ్బుకు కారణం రాయలేదు. ఇది మేము కావాలని పెట్టుకున్న నియమం: సూత్రధారికి కూడా తెలియకూడదు. తెలిస్తే, ఎంత దాచినా మాటలో బయటపడుతుంది. ఇప్పుడు మా వీరులు మూడు వారాలుగా ఒక్కొక్క ఊరి బావి నీళ్ళు సీసాల్లో పట్టి, సీసా మీద ఊరి పేరు రాసి, రక్తం కడిగే ఇంటి అరుగు మీద వరసగా పెడుతున్నారు. ఇప్పటికి పదకొండు సీసాలు అయ్యాయి. ఒక సీసా ఎలుగు తన్నేసింది.

కైఫీయతు రాయాలనుకునే తమ్ముళ్ళకు మా అనుభవంలో ఒక్క మాట: మొత్తం లోకం ఒకేసారి రాయబోకండి. మేము మొదట రాజవంశాల పట్టిక నాలుగు పేజీలు రాశాము. ఒక్కసారి కూడా ఎవరూ ఏ రాజునూ అడగలేదు. సంతలో దొరికే వస్తువుల పేజీ మాత్రం నలిగి చిరిగిపోయింది. ఒక ఊరు, దానికి నాలుగు వైపులా ఒక రోజు నడక దూరం, అంత వరకు చాలు.

ఇక మీతో పని అన్నది ఇదీ. మందస, సోంపేట, వజ్రపుకొత్తూరు, టెక్కలి వైపు పేజీలు నిండాయి. కవిటి, కంచిలి, ఇచ్ఛాపురం వైపు పేజీలు ఖాళీ, ఎందుకంటే ప్రస్తుతం హాస్టల్లో ఆ ఊళ్ళ పిల్లలు ఇద్దరే ఉన్నారు. ఆ ప్రాంతం నుంచి చదువుకుని వెళ్ళిన అన్నలు వార్షికోత్సవానికి వచ్చినప్పుడు తలా ఒక పేజీ రాసి ఇవ్వండి. మీ ఊరికి పేరెలా వచ్చింది, నీళ్ళెక్కడ, చీకటి పడ్డాక ఏ దారిన వెళ్ళకూడదంటారు, పెద్దగాలికి ఏమేం పోయింది. జనం నమ్మేది నీలం ఇంకుతో, మీకు నిజమని తెలిసింది ఎర్ర ఇంకుతో రాయండి. నోటుబుక్కు చందమామలున్న బీరువాలో, పై అరలో ఉంది. తాళంచెవి వాచ్‌మన్ మావయ్య దగ్గర ఉంటుంది.

– పదో తరగతి విద్యార్థులు